కింతానా రో ఫెడరల్ నియోజకవర్గాలు, మారుతూ వచ్చిన వాటి సరిహద్దులు: తరచుగా అడిగే ప్రశ్నలు

మెక్సికో తూర్పు కొసన, కరేబియన్ సముద్రపు ఒడ్డున ఉన్న రాష్ట్రం కింతానా రో. పర్యాటక నగరం కన్‌కూన్ పేరు వినని వాళ్లు తక్కువ. ఆ ఊరున్నది ఈ రాష్ట్రంలోనే. 1970లో ఇక్కడ 88,150 మంది ఉండేవాళ్లు, 2020 నాటికి 18,57,985 మంది అయ్యారు. యాభై ఏళ్లలో జనం ఇరవై రెట్లకు పైగా పెరిగితే నియోజకవర్గాల గీతలు ఏమవుతాయో తెలుసుకోవడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ నాకు దొరకలేదు. పునర్విభజన గురించి మాట్లాడినప్పుడల్లా అవే సందేహాలు మళ్లీ మళ్లీ వస్తుంటే ఒకచోట చేర్చాను. ఏ ప్రశ్న దగ్గర మొదలుపెట్టినా ఫరవాలేదు, ఏ జవాబుకు ఆ జవాబు విడిగా అర్థమవుతుంది.

## మొదట తేల్చుకోవాల్సినవి

'ఫెడరల్ ఎలెక్టోరల్ డిస్ట్రిక్ట్' అంటే మన జిల్లా లాంటిదా?

కాదు. అది మన లోక్‌సభ నియోజకవర్గం లాంటిది. కలెక్టరు, పాలనా యంత్రాంగం ఏవీ ఉండవు. మెక్సికో పార్లమెంటు దిగువ సభ అయిన డిప్యూటీల సభకు ఒక సభ్యుణ్ణి ఎన్నుకోవడానికి గీసిన హద్దు మాత్రమే. స్పానిష్ మాట 'దిస్త్రితో'ను జిల్లా అని అనువదించడం వల్లే ఈ గందరగోళం. ప్రతి నియోజకవర్గానికీ ఒక కేంద్ర పట్టణం ఉంటుంది. ఎన్నికల సంస్థ నియోజకవర్గ కార్యాలయం అక్కడే పనిచేస్తుంది, ఓట్ల అధికారిక లెక్క అక్కడే తేలుతుంది.

డిప్యూటీలు 500 మంది అంటారు, నియోజకవర్గాలు 300 అంటారు. ఏది సరి?

రెండూ సరే. 300 మంది ఒక్కో నియోజకవర్గం నుంచి గెలుస్తారు. ఎవరికి ఎక్కువ ఓట్లు వస్తే వాళ్లే, మన పద్ధతే. మిగిలిన 200 మంది పార్టీలకు వచ్చిన ఓట్ల శాతాన్ని బట్టి పార్టీ జాబితాల నుంచి వస్తారు. ఇందుకోసం దేశాన్ని ఐదు పెద్ద ప్రాంతాలుగా విడదీసి, ఒక్కోదానికి 40 సీట్లు కేటాయించారు. కింతానా రో ఉన్నది మూడో ప్రాంతంలో, దాని కేంద్రం వెరాక్రూస్ రాష్ట్రంలోని హలాపా నగరం. ఓటరు చేతికి డిప్యూటీల కోసం వచ్చేది ఒక్కటే బ్యాలెట్. ఆ ఒక్క గుర్తే నియోజకవర్గ అభ్యర్థికీ, పార్టీ జాబితాకూ కలిపి లెక్కకొస్తుంది.

ఈ 300 అనే అంకె ఎప్పటిది?

1977 రాజ్యాంగ సవరణది. అంతకుముందు 1976 ఎన్నికల్లో నియోజకవర్గాలు 196 ఉండేవి. 1979 ఎన్నికల నుంచి 300 చేసి, వాటికి తోడు 100 దామాషా సీట్లు పెట్టారు. 1986లో దామాషా సీట్లను 200 చేశారు, అలా 1988 నుంచి సభ బలం 500. 300 మాత్రం కదల్లేదు. పునర్విభజన కథ మొత్తం ఈ కదలని అంకె చుట్టూనే తిరుగుతుంది. ఒకరి విస్తట్లో ఒక ముద్ద ఎక్కువ వడ్డించాలంటే ఇంకొకరి విస్తట్లోంచి తీయక తప్పదు.

కింతానా 'రూ' అనాలా, 'రో' అనాలా?

'రో'. రాతలో రెండు 'ఓ'లున్నా స్పానిష్‌లో పలుకు 'రో' అనే. స్వాతంత్ర్య పోరాట కాలపు నాయకుడు ఆంద్రెస్ కింతానా రో పేరు మీద వచ్చింది. 1974 అక్టోబరు 8 వరకూ ఇది రాష్ట్రం కాదు, కేంద్రం చేతిలోని భూభాగం.

మునిసిపియో అంటే మున్సిపాలిటీయేనా?

పేరు వినగానే పట్టణం అనిపిస్తుంది గానీ, అది ఊళ్లూ పల్లెలూ అడవులూ అన్నీ కలిసిన పాలనా ప్రాంతం. మెక్సికోలో రాష్ట్రం తర్వాతి మెట్టు అదే. కింతానా రోలో ఇప్పుడు 11 మునిసిపియోలున్నాయి. కన్‌కూన్ నగరం ఉన్న మునిసిపియో పేరు బెనీతో హ్వారెస్, రాజధాని చెతుమాల్ ఉన్నది ఒతోన్ పి. బ్లాంకోలో. నియోజకవర్గ పటాలు చదివేటప్పుడు ఊరి పేరునూ మునిసిపియో పేరునూ వేరుగా చూసుకోవాలి, లేకపోతే కన్‌కూన్ ఎక్కడా కనిపించడం లేదేమిటని వెతుక్కుంటూ కూర్చోవాల్సి వస్తుంది.

## ఏ రాష్ట్రానికి ఎన్ని సీట్లు

సీట్లు ఎలా పంచుతారు? దీనిలో ఎవరి ఇష్టమైనా ఉందా?

లేదు, ఇది పూర్తిగా కూడికలూ భాగహారాలూ. రాజ్యాంగం 53వ అధికరణం ప్రకారం దేశ జనాభాను 300తో భాగిస్తారు. 2020 జనగణనలో దేశ జనాభా 12,60,14,024. కాబట్టి ఒక నియోజకవర్గానికి సగటు 4,20,047. ఒక్కో రాష్ట్రపు జనాభాను ఈ సగటుతో భాగించి, వచ్చిన పూర్ణాంకమంత సీట్లు ముందు ఇచ్చేస్తారు. మిగిలిపోయిన సీట్లను, శేషం ఎవరిది పెద్దదైతే వాళ్లకు వరుసగా ఇచ్చుకుంటూ పోతారు. ఎంత చిన్న రాష్ట్రానికైనా రెండు సీట్లకు తగ్గకూడదు. లెక్కకు తీసుకునేది మొత్తం జనాభాను, ఓటర్ల సంఖ్యను కాదు. పసిపిల్లలు కూడా లెక్కలోకి వస్తారు.

2020 లెక్కల్లో కింతానా రోకు ఐదో సీటు రావాలి కదా, ఎందుకు రాలేదు?

చాలా దగ్గరదాకా వచ్చి తప్పిపోయింది. 18,57,985ను 4,20,047తో భాగిస్తే 4.42. నాలుగు సీట్లు ఖాయం, శేషం 0.42. ఆసారి శేషం మీద సీటు దక్కినవాళ్లలో అందరికంటే తక్కువ శేషం కొవాయిలా రాష్ట్రానిది, 7.49తో ఎనిమిదో సీటు పట్టుకుంది. 40.45 ఉన్న మెక్సికో రాష్ట్రానికే (దేశం పేరే పెట్టుకున్న, రాజధాని పక్కనున్న రాష్ట్రం) ఆ గీత దాటడం కుదరక 41 నుంచి 40కి పడిపోయింది. ఫలితంగా కింతానా రోలో ఒక్కో నియోజకవర్గానికి 4,64,496 మంది, అంటే దేశ సగటు కంటే పది శాతానికి పైగా ఎక్కువ. పక్కన పెట్టి చూడండి: 16,22,138 మంది ఉన్న సకతేకాస్‌కూ నాలుగే సీట్లు. సూత్రం తప్పని నేను అనను. ఎక్కడో ఒకచోట గీత గీయాలి, గీత ఎక్కడ గీసినా దాని పక్కన ఎవరో ఒకరు నిలబడి ఉంటారు.

2022 పునర్విభజనలో ఎవరికి పెరిగాయి, ఎవరికి తగ్గాయి?

న్యువో లెయోన్‌కు రెండు పెరిగి 14 అయ్యాయి. బాహా కాలిఫోర్నియా, కొవాయిలా, ప్వెబ్లా, కెరేతరో, యుకతాన్ ఒక్కో సీటు పొందాయి. రాజధాని మెక్సికో నగరం రెండు పోగొట్టుకుంది. మెక్సికో రాష్ట్రం, గెర్రేరో, మిచొవకాన్, తమౌలీపాస్, వెరాక్రూస్ తలా ఒకటి వదులుకున్నాయి. మొత్తం ఏడు సీట్లు చేతులు మారాయి. కింతానా రో నాలుగు దగ్గరే ఉండిపోయింది.

రాజధానికే సీట్లు తగ్గాయా? నమ్మశక్యంగా లేదు.

తగ్గడమేమిటి, దాదాపు సగానికి వచ్చాయి. 1979లో మెక్సికో నగరానికి 40 నియోజకవర్గాలు. 1996లో 30, 2005లో 27, 2017లో 24, 2022లో 22. నగరం ఖాళీ అవలేదు. దేశంలో మిగతా చోట్ల జనం దానికంటే వేగంగా పెరిగారు, నగరవాసులే చాలామంది హద్దు దాటి పక్క మెక్సికో రాష్ట్రపు శివార్లలో స్థిరపడ్డారు. దేశంలో అన్నిటికంటే బలమైన నగరం నలభై ఏళ్లలో 18 సీట్లు వదులుకుందంటే, ఆ సూత్రం ముందు పలుకుబడి పనిచేయలేదన్నమాట. ఈ విషయంలో నాకు మెక్సికో మీద నిజమైన గౌరవం ఉంది.

## గీతలు ఎవరు గీస్తారు, ఎలా గీస్తారు

సరిహద్దులు పార్లమెంటు గీస్తుందా, ప్రభుత్వం గీస్తుందా?

రెండూ కాదు. జాతీయ ఎన్నికల సంస్థ గీస్తుంది. మెక్సికోలో దాన్ని పొడి అక్షరాలతో 'ఇనె' అంటారు. 2014కు ముందు దాని రూపం 'ఇఫె', అది 1990లో పుట్టింది. అంతకుముందు ఎన్నికల నిర్వహణ హోంశాఖ చేతి కిందే సాగేది. 1979 నాటి గీతలు 1994 ఎన్నికల దాకా మారలేదు. 1996 నుంచి పునర్విభజన ఎన్నికల సంస్థ పనైంది. 2014 సవరణ తర్వాత రాష్ట్ర శాసనసభల నియోజకవర్గాలను గీసే బాధ్యత కూడా ఇనెకే వచ్చింది.

ఇప్పటిదాకా ఎన్నిసార్లు మార్చారు?

300 నియోజకవర్గాలు వచ్చాక నాలుగుసార్లు. 1996లో (1990 జనగణన ఆధారంగా), 2005లో (2000 జనగణన), 2017లో (2010 జనగణన), 2022లో (2020 జనగణన). 1996 పటంతో 1997, 2000, 2003 ఎన్నికలు జరిగాయి. 2005 పటంతో 2006, 2009, 2012, 2015. 2017 పటంతో 2018, 2021. ఇప్పటి పటాన్ని 2022 డిసెంబరులో ఆమోదించారు, 2024 జూన్ 2 ఎన్నికల్లో మొదటిసారి వాడారు.

గీతలు కంప్యూటరే గీస్తుందట కదా?

మొదటి చిత్తుప్రతి కంప్యూటరుదే. నియమాలను లెక్కల రూపంలోకి మార్చి, లక్షల కొద్దీ అమరికలను పోల్చి చూసే ప్రోగ్రాముకు అప్పగిస్తారు. దీనికి ఎక్కువగా వాడింది లోహశాస్త్రం నుంచి పేరు తెచ్చుకున్న పద్ధతి: ఇనుమును ఎర్రగా కాల్చి మెల్లగా చల్లారనిస్తే లోపలి అణువులు కుదురుకున్నట్టు, మొదట పెద్ద పెద్ద మార్పులు చేసి చూసి, క్రమంగా చిన్న సవరణలకు దిగుతూ మంచి అమరిక దగ్గర ఆగుతుంది.

ప్రోగ్రాము రెండు విషయాలకు మార్కులు వేస్తుంది. జనాభా సమానంగా ఉందా, ఆకారం కుదిమట్టంగా ఉందా? రెంటిలోనూ లోపం ఎంత తక్కువైతే ఆ పటం అంత మంచిది. వీటితోపాటు మునిసిపియోలను వీలైనంత వరకు చీల్చకూడదు, ఒక చోటి నుంచి ఇంకో చోటికి ప్రయాణ సమయం చూడాలి, నియోజకవర్గం ముక్కలుగా విడిపోకూడదు. ప్రతి నియోజకవర్గ జనాభా ఆ రాష్ట్ర సగటుకు 15 శాతం అటూ ఇటూ లోపల ఉండాలి.

కానీ చివరి పటం కంప్యూటరుది కాదు. దానిమీద పార్టీలు అభ్యంతరాలు చెబుతాయి, నిపుణుల సాంకేతిక సంఘం వాటిని తూకం వేస్తుంది, రెండో ప్రతి వస్తుంది, మళ్లీ సూచనలు, ఆ తర్వాతే చివరి ప్రతి. దాన్ని ఇనె సర్వసభ్య మండలి ఆమోదించాలి.

పార్టీలు కూర్చుని మాట్లాడతాయంటే తమకు అనుకూలంగా గీయించుకోవా?

ప్రయత్నిస్తాయి. అందులో దాపరికమేమీ లేదు. తేడా ఎక్కడంటే, పార్టీ తెచ్చే ప్రత్యామ్నాయ పటానికీ అవే మార్కులు వేస్తారు. కంప్యూటరు పటం కంటే మార్కుల్లో మెరుగ్గా ఉందా, లేక ఏదైనా సామాజిక, భౌగోళిక కారణం చూపించగలిగారా అన్నది చూస్తారు. 'ఈ కాలనీ మా ఓటు బ్యాంకు' అన్నది అక్కడ వాదనగా నిలవదు. నచ్చని పార్టీ ఎన్నికల న్యాయస్థానానికి వెళ్లవచ్చు. లోపం లేదని కాదు. నియమాలన్నీ తెలిసిన పార్టీకి వాటి లోపలే తనకు మేలు చేసే పటం వెతుక్కునే నేర్పు ఉంటుంది, చిన్న పార్టీలకూ మామూలు పౌరులకూ ఆ సాంకేతిక బలం ఉండదు. అయినా తలుపులు మూసుకుని గీసే గీతలకంటే ఇది వందరెట్లు నయం.

మాయా ఆదివాసీల ఊళ్లను విడగొట్టకుండా నియమం ఏదైనా ఉందా?

ఉంది. ఆదివాసీ జనాభా 40 శాతం, ఆపైన ఉన్న మునిసిపియోలను వీలైనంత వరకు ఒకే నియోజకవర్గంలో కలిపి ఉంచాలి. దేశం మొత్తంలో ఇలాంటి ఆదివాసీ నియోజకవర్గాలు 2017 పటంలో 28, 2022 పటంలో 44. ఈసారి ఆదివాసీ, ఆఫ్రో-మెక్సికన్ సమాజాలను ముందే సంప్రదించారు. 2018 ఎన్నికల్లో 13 నియోజకవర్గాల్లో పార్టీలు ఆదివాసీ అభ్యర్థులనే నిలపాలన్న నియమం వచ్చింది.

కింతానా రో విషయానికొస్తే, రాష్ట్రం నడిబొడ్డున ఉన్న ఫెలీపె కరీయో ప్వెర్తో, హోసె మరియా మొరేలోస్ మునిసిపియోలు మాయా సీమ. ఫెలీపె కరీయో ప్వెర్తో పాత పేరు చాన్ సాంతా క్రూస్. 19వ శతాబ్దంలో తిరగబడ్డ మాయా ప్రజలు దాదాపు అర్ధశతాబ్దం పాటు ప్రభుత్వాన్ని దగ్గరికి రానివ్వకుండా నడుపుకున్న రాజధాని అది. అలాంటి నేలను హోటళ్ల తీరంతో కలిపి ఒకే సీటు చేస్తే ఎవరి గొంతు వినిపిస్తుందో ఊహించడం కష్టం కాదు. ఈ నియమం ఎందుకు అవసరమో నాకు అర్థమైంది ఈ పటం చూసినప్పుడే.

'సెక్షన్' అంటే ఏమిటి? ఓటరు కార్డు మీద కనిపిస్తుంది.

నియోజకవర్గం కట్టడానికి వాడే ఇటుక అది. చట్టం ప్రకారం ఒక సెక్షన్‌లో 100కు తగ్గకుండా, 3,000కు మించకుండా ఓటర్లుండాలి. సరిహద్దు మార్చడమంటే సెక్షన్లను ఇటు నుంచి అటు మార్చడమే. సెక్షన్ మధ్యలోంచి గీత వెళ్లదు. సెక్షన్ లోపల ప్రతి 750 మంది ఓటర్లకు ఒక పోలింగ్ బల్ల ఏర్పాటు చేస్తారు.

## కింతానా రోలో గీతలు నడిచిన దారి

రెండు సీట్ల నుంచి నాలుగుకు ఎలా వచ్చింది?

అడవిలో ఊరు కట్టారు, జనం వచ్చారు, సీట్లు వెనకాలే నడిచొచ్చాయి. 1970 ప్రాంతంలో కేంద్ర ప్రభుత్వం పర్యాటకం కోసం ఎంచుకుని కట్టించిన నగరం కన్‌కూన్. 1980లో రాష్ట్ర జనాభా 2,25,985. 1990లో 4,93,277. 2000లో 8,74,963. 2010లో 13,25,578. 1979 నుంచి 2003 ఎన్నికల దాకా రెండే నియోజకవర్గాలు. 2005 పటంలో మూడోది, 2017 పటంలో నాలుగోది వచ్చాయి.

ఇప్పుడు 1వ నియోజకవర్గ కేంద్రం ప్లాయా దెల్ కార్మెన్, 2వది చెతుమాల్, 3, 4 రెంటికీ కన్‌కూనే కేంద్రం.

2005లో కన్‌కూన్‌లో కొంత భాగాన్ని కోసి 1వ నియోజకవర్గంలో ఎందుకు కలిపారు?

లెక్క వేస్తే వేరే దారి లేదని తెలుస్తుంది. 2000 జనాభాను మూడుతో భాగిస్తే సగటు 2,91,654. 15 శాతం వెసులుబాటు ఇచ్చినా పైహద్దు 3,35,402. బెనీతో హ్వారెస్ మునిసిపియోలో అప్పటికే 4,19,815 మంది. ఒకే నియోజకవర్గంలో పట్టరు. మరోవైపు కోసుమెల్, ఇస్లా ముహేరెస్, లాసరో కార్దెనాస్, సొలిదరిదాద్ (ప్లాయా దెల్ కార్మెన్ ఉన్నది ఇందులోనే) మునిసిపియోలు నాలుగూ కలిపితే 1,55,567 మందే, ఒక నియోజకవర్గానికి సరిపోరు. దక్షిణాన ఒతోన్ పి. బ్లాంకో, ఫెలీపె కరీయో ప్వెర్తో, హోసె మరియా మొరేలోస్ మూడూ కలిస్తే 2,99,581, అతికినట్టు సరిపోయింది. కాబట్టి నగరంలో మిగిలిన జనాన్ని తీసి తీరం, ద్వీపాలున్న 1వ నియోజకవర్గానికి అతికించారు.

కాగితం మీద ఇది చక్కని లెక్కే. నేల మీద కష్టమే. కోసుమెల్ ద్వీపం వాళ్లు పడవెక్కితే ప్లాయా దెల్ కార్మెన్‌లో దిగుతారు. ఇస్లా ముహేరెస్ వాళ్లు పడవెక్కితే దిగేది కన్‌కూన్‌లో. తమ నియోజకవర్గ కేంద్రానికి రావాలంటే వాళ్లు పొరుగు నియోజకవర్గం గుండా ప్రయాణించాలి. దీవుల్లో చేపలు పట్టేవాళ్లూ, ప్లాయాలో హోటల్ గదులు సర్దేవాళ్లూ, కన్‌కూన్ కాలనీల్లో ఉండేవాళ్లూ ఒకే డిప్యూటీ దగ్గరికి వెళ్లాలి. పన్నెండేళ్లు అలాగే నడిచింది.

కన్‌కూన్ ముక్కను 1వ నియోజకవర్గానికి కలిపిన ఆ అతుకు 2017లో పోయిందా?

ఆ అతుకు వేయాల్సిన అవసరమే లేకుండా లెక్క కుదిరింది. 2010 జనాభాను నాలుగుతో భాగిస్తే సగటు 3,31,395. బెనీతో హ్వారెస్‌లో 6,61,176 మంది. అంటే రెండు నిండు నియోజకవర్గాలకు 1,613 మంది మాత్రమే తక్కువ! ఎవరో కొలిచి పోసినట్టుంది. 3వ, 4వ నియోజకవర్గాలు రెండూ కన్‌కూన్ కేంద్రంగానే వచ్చాయి. తీరానికి ప్లాయా దెల్ కార్మెన్, దక్షిణానికి చెతుమాల్ కేంద్రాలుగా నిలిచాయి.

రాజధాని చెతుమాల్ ఉన్న 2వ నియోజకవర్గం అంత పెద్దగా ఎందుకుంది?

విస్తీర్ణం చూస్తే రాష్ట్రంలో చాలా భాగం దానిదే, కానీ సీట్లు వచ్చేది నేలకు కాదు, మనుషులకు. దక్షిణాన ఊళ్లు దూరం దూరంగా ఉంటాయి, నడుమ అడవి. 2010 నుంచి 2020 మధ్య అక్కడ జనం మెల్లగానే పెరిగారు. 2020లో ఒతోన్ పి. బ్లాంకో, బకలార్, ఫెలీపె కరీయో ప్వెర్తో, హోసె మరియా మొరేలోస్ నాలుగూ కలిపి 3,98,557 మంది. రాష్ట్ర సగటు 4,64,496కు ఇది 14 శాతం తక్కువ, 15 శాతం గీతకు అంగుళం దూరం. 46,721 మంది ఉన్న తులుమ్‌ను కలిపితే 4,45,278 అయి తూకం కుదురుతుంది. అయితే తులుమ్ 2008 వరకు సొలిదరిదాద్‌లో భాగం, దాని పర్యాటకమూ బతుకుతెరువూ ఉత్తరపు తీరంతో ముడిపడ్డవి. పటం గీసేవాళ్లకు నిద్రపట్టనివ్వని ముడి ఇలాంటిదే: జనాభా తూకం ఒకవైపు లాగుతుంది, జనజీవనం ఇంకోవైపు లాగుతుంది.

కొత్త మునిసిపియో ఏర్పడితే నియోజకవర్గం కూడా వెంటనే మారుతుందా?

మారదు. సొలిదరిదాద్ 1993లో కోసుమెల్ నుంచి విడిపోయింది. తులుమ్ 2008లో సొలిదరిదాద్ నుంచి, బకలార్ 2011లో ఒతోన్ పి. బ్లాంకో నుంచి వేరయ్యాయి. ఆ తర్వాత బెనీతో హ్వారెస్ నుంచి ప్వెర్తో మొరేలోస్. మునిసిపియోలను చేసేది రాష్ట్ర శాసనసభ, నియోజకవర్గాలను గీసేది ఇనె. కొత్త మునిసిపియో వచ్చినా తర్వాతి పునర్విభజన దాకా ఫెడరల్ గీత ఉన్నచోటే ఉంటుంది. మన దగ్గర కొత్త జిల్లాలూ మండలాలూ వచ్చినా అసెంబ్లీ నియోజకవర్గాలు పాత హద్దులతోనే ఉన్నట్టు.

2000 లెక్కలతో 2015 ఎన్నికలు జరిపారా? అది అన్యాయం కాదా?

అన్యాయమే. నాకు అన్నిటికంటే బాధ కలిగించే విషయం ఇదే. 2010 జనగణన తర్వాత ఇఫె కొత్త పటం పని మొదలుపెట్టినా అది అమల్లోకి రాలేదు, ఈలోగా 2014 సవరణలతో సంస్థే మారిపోయింది. 2015 సర్వే నాటికి కింతానా రో జనాభా 15,01,562. ఉన్నది మూడు సీట్లు. అంటే ఒక్కో డిప్యూటీకి 5,00,520 మంది. అదే ఏడాది మెక్సికో నగరంలో 89,18,653 మందికి 27 సీట్లు, ఒక్కో డిప్యూటీకి 3,30,320 మంది. రాజధానిలో ఇద్దరి మాటకున్న బరువు కోసం కన్‌కూన్‌లో ముగ్గురు కావలసి వచ్చింది. ఊరు మారి హోటళ్లలో పనికొచ్చిన కూలీలు, వాళ్ల పిల్లలు ఆ తేడా మోశారు. గీతలు గీయడం ఎంత సజావుగా సాగినా, ఆలస్యమైతే అందులో ఉన్న న్యాయం కారిపోతుంది.

సొలిదరిదాద్ ఒక్కదాన్నే చూడండి: 2000లో 63,752 మంది, తులుమ్ విడిపోయాక కూడా 2010లో 1,59,310, 2020లో 3,33,800. పదేళ్లకోసారి లెక్కపెట్టే పద్ధతికి ఇలాంటి ఊరు ఎప్పుడూ అందదు.

కంపేచేతో సరిహద్దు వివాదం ఉందట. నియోజకవర్గం మీద దాని ప్రభావం ఉంటుందా?

కింతానా రో, కంపేచే, యుకతాన్ మూడూ కలిసే 'పుత్' బిందువు ఎక్కడన్నది పాత తగాదా. 1996 చివర్లో కంపేచే కలక్ముల్ మునిసిపియోను ఏర్పాటు చేయడంతో అది ముదిరింది. ఫెడరల్ నియోజకవర్గం ఏదీ రాష్ట్ర హద్దును దాటకూడదు. ఆ హద్దు ఎక్కడన్నది తేల్చే అధికారం ఇనెకు లేదు. రాష్ట్రాలు రాజీపడి సెనేట్ ఆమోదం తీసుకోవాలి, లేదా సుప్రీంకోర్టు తేల్చాలి.

## మారాక వచ్చే సందేహాలు

మధ్యలో గీత మారితే ఉన్న డిప్యూటీ ఎవరికి ప్రతినిధి?

ఎన్నుకున్న పాత నియోజకవర్గానికే, మూడేళ్ల పదవీకాలం ముగిసేదాకా. కొత్త పటం తర్వాతి సాధారణ ఎన్నికలకు వర్తిస్తుంది. ఆ ఎన్నికల ప్రక్రియ మొదలవకముందే పటానికి ఆమోదం పడాలని చట్టం చెబుతుంది. ప్రక్రియ మొదలయ్యేది అంతకు ముందు ఏడాది సెప్టెంబరులో.

1వ నియోజకవర్గపు 2003 ఫలితాలనూ 2024 ఫలితాలనూ పోల్చవచ్చా?

నేరుగా పోల్చకూడదు. నంబరు అదే అయినా నేల అది కాదు. నంబరు ఆస్తిహక్కు లాంటిది కాదు, ప్రతి పునర్విభజనలోనూ కొత్తగా వేస్తారు. నిజంగా పోల్చాలంటే సెక్షన్ల వారీ ఫలితాలు తీసుకుని, ఇప్పటి హద్దు లోపలి సెక్షన్లను కూడుకోవాలి. శ్రమే, కానీ 'ఫలానా పార్టీ కంచుకోట కూలింది' అని రాసేముందు ఆ శ్రమ పడాలి. కోట కూలిందో, గోడే జరిగిందో అప్పుడు తెలుస్తుంది. ఇంకో సంగతి: రాష్ట్ర శాసనసభకు కింతానా రోలో విడిగా 15 నియోజకవర్గాలున్నాయి, వాటికీ 1, 2 అనే నంబర్లే. అన్నిటికంటే ఎక్కువ పొరపాట్లు దొర్లేది అక్కడే.

అధ్యక్ష ఎన్నిక మీద ఈ గీతల ప్రభావం ఉంటుందా?

ఫలితం మీద ఉండదు. అధ్యక్ష ఎన్నికలో దేశమంతా ఒకే లెక్క, ఎక్కువ ఓట్లు ఎవరివైతే వాళ్లే. సెనేటర్లకు రాష్ట్రమే హద్దు. ఓట్ల అధికారిక గణన మాత్రం 300 నియోజకవర్గ కేంద్రాల్లోనే జరుగుతుంది.

మన డీలిమిటేషన్‌కూ దీనికీ ముఖ్యమైన తేడా ఏమిటి?

తెలుగువాళ్లు తప్పక అడిగే ప్రశ్న. భారత్‌లో 1976లో 42వ సవరణతో రాష్ట్రాల మధ్య లోక్‌సభ సీట్ల పంపకాన్ని 1971 జనాభా దగ్గర నిలిపేశారు, 84వ సవరణతో ఆ నిలుపుదలను పొడిగించారు. 2009 ఎన్నికలకు ముందు మన దగ్గర హద్దులు 2001 లెక్కలతో మారాయి గానీ, ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌కు 42 సీట్లు అలాగే ఉన్నాయి. విభజన తర్వాత అవే 25, 17గా పంచుకున్నాం. మెక్సికోలో ప్రతి పునర్విభజనలోనూ రాష్ట్రాల మధ్యే సీట్లు కదులుతాయి.

పరిమాణంలోనూ పోలిక లేదు. మెక్సికో నియోజకవర్గంలో పిల్లాపెద్దా అంతా కలిసి సుమారు 4 లక్షల 20 వేల మంది. 2019లో మల్కాజిగిరిలో ఓటర్లే 31 లక్షలకు పైగా ఉన్నారు. మన డీలిమిటేషన్ కమిషన్ ఉత్తర్వులను కోర్టులో సవాలు చేసే వీలును రాజ్యాంగమే దాదాపుగా మూసేసింది. అక్కడ ఎన్నికల న్యాయస్థానం తలుపు తెరిచే ఉంది. అలాగని వాళ్ల సూత్రాన్ని తెచ్చి ఇక్కడ పెట్టేయమని నేననను. అక్కడ సీటు పోగొట్టుకునే రాష్ట్రానికి భాష పోతుందన్న భయం లేదు, జనాభా అదుపు చేసినందుకు శిక్ష అనే చర్చా లేదు. మన ప్రశ్నల బరువు వేరు.

మెక్సికోలో ఉద్యోగం చేస్తున్న తెలుగువాళ్లకు ఓటు ఉంటుందా?

భారత పౌరులుగా ఉన్నంతకాలం లేదు. మెక్సికో రాజ్యాంగం 33వ అధికరణం విదేశీయులను దేశ రాజకీయ వ్యవహారాల్లో వేలు పెట్టనివ్వదు. గ్వాదలహారా, మొంతెర్రే నగరాల్లో ఐటీ ఉద్యోగాలు చేస్తున్నవాళ్లు ఎన్నికల సభలకు సరదాగా వెళ్లడం కూడా మానుకోవడం మంచిది. మెక్సికో పౌరసత్వం తీసుకుంటే ఓటు వస్తుంది, కానీ డిప్యూటీగా పోటీ చేయడానికి పుట్టుకతో మెక్సికన్ అయి ఉండాలి. జనగణన మాత్రం పౌరసత్వం అడిగి లెక్కపెట్టదు. ఆ ఇంట్లో నివసిస్తే చాలు, ఆ రాష్ట్రం జనాభాలో ఒకరిగా లెక్కలోకి వస్తారు.

300 నియోజకవర్గాలను ఎత్తేస్తారని విన్నాను. నిజమా?

2022లో అప్పటి అధ్యక్షుడు ఆంద్రెస్ మన్వెల్ లోపెస్ ఒబ్రదోర్ అలాంటి సవరణ ప్రతిపాదించారు. సభను 300 మందికి కుదించి, వాళ్లందరినీ రాష్ట్రాల వారీ జాబితాల నుంచి ఎన్నుకోవాలన్నది అందులో ఉంది. ఆ ఏడాది డిసెంబరులో డిప్యూటీల సభలో మూడింట రెండు వంతుల మెజారిటీ రాక వీగిపోయింది. అది నెగ్గి ఉంటే నియోజకవర్గం అనే గీతే అక్కర్లేకపోయేది. విచిత్రమేమిటంటే, ఇనె కొత్త పటాన్ని ఆమోదించింది కూడా అదే నెలలో.

మళ్లీ ఎప్పుడు మారతాయి?

జనగణన పదేళ్లకోసారి, అంకె సున్నాతో ముగిసే ఏడాదిలో జరుగుతుంది. తర్వాతిది 2030లో. ఆ లెక్కలు వచ్చాకే రాష్ట్రాల మధ్య సీట్లు మళ్లీ పంచి, కొత్త గీతలు గీస్తారు. కింతానా రో మీద ఆసక్తి ఉన్నవాళ్లు అప్పుడు చూడాల్సిన అంకె ఒక్కటే: రాష్ట్ర జనాభాను దేశ సగటుతో భాగిస్తే దశాంశ బిందువు తర్వాత ఏం వస్తుందో.